గుండుతో వచ్చిన కథానాయకుడు

పత్రికకు పదేళ్లు వార్తలు రాశాక, రెండువేల నాలుగైదు ప్రాంతంలో నేను మొదటి సినిమా తీశాను. కెమెరా గద్వాలలో పెళ్లిళ్లు తీసే మిత్రుడిది. కథానాయకుడు అమరచింత పక్క ఊళ్లో వేరుశనగ వేసుకునే రైతు. అతనికి నటన తెలియదు. కానీ ఒకసారి వనపర్తి మార్కెట్ యార్డులో ఆ ముఖం చూసి మరచిపోలేకపోయాను.

కథ చిన్నది. తండ్రి పని కోసం బొంబాయికి వలసపోయి ఎంతకూ తిరిగి రాడు. కొడుకు రోజూ రోడ్డు మీదికి వచ్చి బస్సు కోసం నిలబడతాడు. చివరికి తండ్రి చనిపోయాడని తెలుస్తుంది. ఆ చివరి భాగానికి ఆరు పేజీల మాటలు రాసుకున్నాను. రాసినప్పుడు గొప్పగానే అనిపించాయి.

నాలుగు రోజులుగా నవ్వాపుకోలేక టేపులు పాడుచేసిన ఆ మనిషి శుక్రవారం నాడు పొడుగాటి సన్నివేశం ఒకటి తడబడకుండా చెప్పేశాడు. నేనూ కెమెరా మిత్రుడూ గంతులేశాం. ఇక ఆ ఆరు పేజీలు ఆదివారం తీస్తే అయిపోయినట్టే. సోమవారం నుంచి పెళ్లి ముహూర్తాలు. ఆ తర్వాత కెమెరా దొరకదు.

ఆదివారం పొద్దున అతను గుండుతో వచ్చాడు.

"ఏందిది?" అన్నాను.

"మొక్కు సార్. మాటలు తప్పు వోకుండ జెప్తె తలనీలాలిస్తనని బీచుపల్లి అంజన్నకు మొక్కుకున్న. నిన్న శనివారం గద, పోయి ఇచ్చొచ్చిన." గంధం పూసిన నెత్తి రుద్దుకుంటూ మెరిసిపోతున్నాడు.

"మరి మన సిన్మ?"

"సిన్మ కోసమే గద సార్ మొక్కింది!"

మిత్రుడు కెమెరా స్టాండు మడిచేశాడు. "అయిపాయె భాయ్. రేపు నేను పెండ్లికి వోత. నువ్వు మల్ల పేపర్ల వార్తలు రాస్కో."

నేను గోడకు ఆనుకుని కూర్చుని ఆ గుండునే చూస్తూ ఉండిపోయాను. చూడగా చూడగా ఒక ఆలోచన తట్టింది. నిన్నటిదాకా జుట్టుతో బస్సు కోసం ఎదురుచూసిన కొడుకు ఇవాళ అదే రోడ్డు మీద గుండుతో నడిచొస్తే, ఇంకెవరూ ఏమీ చెప్పనక్కర్లేదు. తండ్రి పోయాడు. ఆరు పేజీలకు ఒక్క గుండు చాలు! కాగితాలు జేబులో కుక్కుకుని లేచాను.

ఒకటే అడ్డు. మొక్కు గుండుకు మీసం ఉంటుంది, తండ్రి పోయినవాడికి ఉండదు. మీసం కూడా తీయాలన్నాను. అతని ముఖంలో వెలుగు ఆరిపోయింది.

"మా నాయన బతికున్నడు సార్. మీసమెట్ల తీస్త? ఊల్లోల్లు మొకం మీద ఊంచుతరు."

ముగ్గురం వాళ్ల ఇంటికి వెళ్లాం. అతని తండ్రి అరుగు మీద కూర్చుని తాడు పేనుతున్నాడు. కథంతా చెప్పాను.

"అంటె, నన్ను సంపుతున్నవా సారూ?"

"సిన్మల నాయన వేరే, పెద్దయ్యా."

"మీసం మాత్రం వీనిదే గద!"

ఆయన ఇంకో మూర తాడు పేనాడు. మిత్రుడు గడియారం చూసుకున్నాడు.

"బొంబాయికి నేను గూడ వోయిన," అన్నాడు ముసలాయన నెమ్మదిగా. "శాన ఏండ్లు ఆడనే ఉన్న. నేను రాకపోతె వీడెట్లుంటుండెనో, జర చూడాలనుంది. మంగలిని పిల్వుండ్రి. ఎదురుంగ నేనే గూసుంట. కండ్ల ముంగట నేనుంటె ఇంగ దోషమేంది?"

అన్నట్టే ముసలాయన కొడుక్కి ఎదురుగా బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. పైగా మంగలికి సలహాలు: "ఎడమ దిక్కు ఇంక ఉన్నది, మంచిగ తియ్!" కొడుకు కళ్లు మూసుకున్నాడు. మీసం పోయేసరికి ఆ ముఖం నాకే కొత్తగా కనబడింది.

కెమెరా తిప్పాం. రోడ్డు మీదినుంచి అతను ఒంటరిగా నడిచి వస్తున్నాడు. మేం చూసుకోలేదు, పక్క సందులోంచి బిందెతో ఒక ముసలమ్మ వచ్చింది. సినిమా సంగతి ఆమెకు తెలియదు. అతన్ని చూసి బిందె దించేసింది.

"అయ్యో కొడుకా! మీ నాయన ఎప్పుడు వోయిండ్రా?"

నవ్వుతాడనుకున్నాను. నవ్వలేదు. ఆమె వైపు ఒకసారి చూసి, తల దించుకుని, అలాగే ముందుకు నడిచాడు. మా వెనక నిలబడ్డ తండ్రి మాత్రం ఆగలేకపోయాడు.

"ఓ వదినే! నేనీడనే ఉన్న!"

సినిమాలో ముసలమ్మ మాట ఉంది. ఆయన కేక నా దగ్గరున్న టేపులోనే ఉంది.