కళ్ళు మూసేవాళ్ళు లేని దాగుడుమూతలు

మా చెల్లి వాళ్ళమ్మతో మాట్లాడటం మానేసిందన్న సంగతి ఇంట్లో అందరికంటే ఆలస్యంగా నాకే తెలిసింది. నేను ఇంటి నుంచే ఉద్యోగం చేస్తాను. అంటే ఇంట్లో జరిగేవేవీ నాకు తెలియవు.

చెల్లి అంటే మా పిన్ని కూతురు. నాలుగో తరగతి. రాజోలు దగ్గర సగంలో ఆగిన ఇంటిని పూర్తి చెయ్యడానికి పిన్ని కువైట్ వెళ్ళింది, ఎవరింట్లోనో పనికి. మా వైపు ఇదేం వార్త కాదు. మా వీధి ప్రార్థన కూటానికి వచ్చే ఆడవాళ్ళలో చాలామందికి మన వానాకాలం ఎంత తెలుసో ఎడారి ఎండ కూడా అంతే తెలుసు. బాబాయి అల్లవరం అవతల రొయ్యల చెరువుల మీద కాపలా ఉంటాడు, ఆదివారం ఆరాధనకి మాత్రం వస్తాడు. అందుకని పిల్లని అమలాపురంలో మా ఇంట్లో ఉంచారు.

గల్ఫు ప్రయాణానికి మా దగ్గర ఒక పద్ధతి ఉంది. పిల్లలు బడిలో ఉన్నప్పుడు బయల్దేరాలి. చెబితే ఏడుస్తారు, ఏడిస్తే తల్లి కాలు కదలదు, కాలు కదలకపోతే విమానం ఆగదు. ఇంటిల్లిపాదీ కూర్చుని, ప్రార్థన చేసుకుని మరీ ఈ అబద్ధం నిర్ణయించారు. చెల్లి బడి నుంచి వచ్చి సంచి దించి “అమ్మేది?” అంటే, మురమళ్ళలో ఎవరికో ఒంట్లో బాగోలేదని చూడటానికి వెళ్ళింది, రేపొస్తుంది అన్నారు. మర్నాడు మురమళ్ళ నుంచి కాక కువైట్ నుంచి ఫోనొచ్చింది.

చెల్లి ఏడవలేదు. ఆ విధంగా పెద్దవాళ్ళ పథకం పూర్తిగా విజయవంతమైంది.

కాకపోతే ఆ రోజు నుంచి తల్లితో ఒక్క మాట మాట్లాడలేదు. ఫోనిస్తే తీసుకునేది, చెవి దగ్గర పెట్టుకునేది, అవతలి మాటలన్నీ విని తిరిగి ఇచ్చేసేది. వీడియో కాల్ అయితే ఫోనుని మంచం మీద వెల్లకిలా పెట్టి వెళ్ళిపోయేది. పిన్ని కొన్ని నెలల పాటు మా సీలింగు ఫ్యాను చూసి, దాంతోనే మాట్లాడింది. “బాగా తింటున్నావా అమ్మా? జడ ఎవరేస్తున్నారు?” ఫ్యాను తిరుగుతూ ఉండేది.

నాకు ఒక సర్వరు ఉంది. కాలేజీలో ఉన్నప్పుడు నేనూ నా స్నేహితులూ దిమ్మెలు పేర్చి ఊళ్ళు కట్టే ఒక ఆట ఆడేవాళ్ళం. అందరం ఒకే లోకంలోకి రావాలంటే ఎక్కడో ఒక కంప్యూటరు అద్దెకి తీసుకుని ఆ లోకాన్ని అందులో ఉంచాలి. దాని బాధ్యత నాకు అప్పజెప్పారు, ఎందుకంటే అది తేల్చిన రోజు నేను రాలేదు. అసలు ఆటలో లేని చిన్న చిన్న ఆటల్ని కోడు రాసి అందులో చేర్చేవాణ్ణి. పడవ పందెం, కోతికొమ్మచ్చి, వంతెన కూలిపోయేలోగా దాటడం. తర్వాత అందరూ ఉద్యోగాలకి పోయారు. మనుషుల్లేని ఊరికి నేను అద్దె కడుతూ ఉండిపోయాను. ఎందుకు మానెయ్యలేదంటే చెప్పలేను. కట్టిన కాలవల్లో నీళ్ళు ఇంకా పారుతున్నాయి కదా అనిపించేది.

చెల్లికి ఆ లోకం చూపించాను. సెలవుల్లో నా పాత లాప్‌టాప్ ముందు కూర్చుని ఒక ఇల్లు కట్టింది. కాలవ, కాలవ మీద తాటిదుంగ, ముందు అరుగు, వెనక పెరట్లో కాయ ఒలిచిన కొబ్బరి డొక్కల గుట్ట. గోడలకి సున్నం లేదు. ఒక గదికి పైకప్పు లేదు.

“పూర్తి చెయ్యవా?” అన్నాను.

“మా ఇల్లు ఇంతే ఉంది” అంది.

ఆ మాట ఎలాగో పిన్ని దాకా వెళ్ళింది. మా అమ్మకి చెప్పిన మాట ఏదైనా సాయంత్రానికి కువైట్ చేరుతుంది. పిన్ని పని చేసే ఇంట్లో పిల్లలూ ఇదే ఆట ఆడతారట. వాళ్ళు వాడి పక్కన పడేసిన టాబ్లెట్ ఒకటి తనకిచ్చారట. అక్కడ సెలవు శుక్రవారమే, ఆరాధన నుంచి వచ్చాక సాయంత్రం పని మొదలయ్యేదాకా ఖాళీ. మా దగ్గర అప్పటికి బడి వదిలేస్తారు.

“నన్ను కూడా అందులోకి రానియ్యవా నాన్నా?” అంది నాతో. “మాట్లాడక్కర్లేదు. ఊరికే అక్కడ ఉంటాను.”

ఎలా రావాలో అన్నీ రాసి పంపాను.

మొదటి శుక్రవారం పిన్ని నాతో ఫోనులో మాట్లాడుతూ మా లోకంలోకి అడుగుపెట్టింది.

“ఏం కనపట్టం లేదురా. అంతా నీలంగా ఉంది.”

“ఆకాశం చూస్తున్నావు పిన్నీ. తల దించు.”

“దించేను. ఇప్పుడు ఆకుపచ్చగా ఉంది.”

“అది కాలవ. పడిపోయావు.”

చెల్లి నా పక్కనే తన తెర చూస్తోంది. కాలవలో ఒక బొమ్మ మునుగుతూ తేలుతూ ఒడ్డుకి తల కొట్టుకుంటోంది.

“ఎవరది?”

“మీ అమ్మ.”

“అమ్మ కాదు. అమ్మ అలా నడవదు.”

అదీ నిజమే. ఆ ఆటలో ఎవరూ మనుషుల్లా నడవరు. చెల్లి కాసేపు చూసింది. తర్వాత వెళ్ళి ఒడ్డున మూడు దిమ్మెలు మెట్లుగా పెట్టింది. పిన్ని ఎక్కి బయటికొచ్చింది. ఇద్దరూ ఎదురెదురుగా నిలబడ్డారు. ఇంతటి ఘట్టం జరుగుతుంటే వాళ్ళ మధ్య నుంచి నేనెప్పుడో ఆ ఊళ్ళో వదిలిన కోడి ఒకటి నడుచుకుంటూ పోయింది.

నాలుగు శుక్రవారాలు ఇలాగే నిలబడటం చూశాక, వీళ్ళకి ఒక ఆట కావాలి అనుకున్నాను. పడవ పందెం పెడితే పిన్ని కాలవలోంచి రాదు. దాగుడుమూతలు తేలిక. ఒక రాత్రి కూర్చుని రాసేశాను. వెతికేవాళ్ళ తెర కాసేపు నల్లబడుతుంది, దాక్కునేవాళ్ళు పోయి దాక్కుంటారు, వెలుగొచ్చాక వెతకాలి, కనిపిస్తే కొట్టాలి. కొట్టగానే “దొరికారు!” అని అక్షరాలు, నాలుగు చిచ్చుబుడ్లు, దొరికినవాళ్ళు తిరిగి అరుగు మీదకి. చిచ్చుబుడ్లు నాకు నచ్చాయి.

పిన్ని ప్రతిసారీ ఒకే చోట దాక్కునేది, డొక్కల గుట్ట వెనక. చెల్లి ఇల్లంతా తిరిగేది, తాటిదుంగ దాటి వచ్చేది, చివరికి పెరట్లోకి వచ్చి గుట్టకి ఇవతల ఆగిపోయేది. అంతే. కొట్టేది కాదు. పిన్ని సమయం అయిపోయేదాకా ఇవతల ఒకరు, అవతల ఒకరు.

అది చూసి నేను ఒక నిర్ణయానికొచ్చాను: కోడులో తప్పుంది. దెబ్బ తగలట్లేదు. మనిషి బాధని చూసి కోడులో తప్పు సరిదిద్దటానికి పూనుకోవడం మా వృత్తిలో అందరికీ ఉన్నదే. రెండు దిమ్మెల దూరంలోకి వస్తే చాలు, కొట్టకపోయినా దొరికినట్టే అని మార్చేశాను.

తర్వాతి శుక్రవారం చెల్లి పెరట్లోకి వచ్చింది, గుట్ట దగ్గరికి వచ్చింది. చిచ్చుబుడ్లు లేచాయి. “దొరికారు!” పిన్ని మాయమై అరుగు మీద పడింది. చెల్లి మౌస్ వదిలేసి, కుర్చీ దిగి, నిజం పెరట్లోకి వెళ్ళి పంపు దగ్గర నిలబడింది. ఆ పై శుక్రవారం లాప్‌టాప్ దగ్గరికే రాలేదు.

పిన్నికి ఆ సంగతి తెలియదు. వచ్చి డొక్కల వెనక దాక్కుంది. చాలాసేపటికి నాకు ఫోన్ చేసింది.

“ఇంకా వెతుకుతుందా నాన్నా?” గొంతు తగ్గించి అడిగింది, దాక్కుంది కదా.

చెల్లి పక్కగదిలో ఎక్కాలు రాస్తోంది. “వెతుకుతోంది పిన్నీ” అన్నాను.

“అలాగా. మరి కదలనులే.”

ఆ రాత్రి భోజనాల దగ్గర అమ్మ ప్రార్థన చేసింది. మా ఇంట్లో ప్రార్థనలో సర్వరుకి కూడా చోటుంది. ఒకసారి సర్వరు పడిపోయిందంటే ఎవరికైనా దెబ్బలు తగిలాయా అని అడిగింది, అప్పట్నుంచీ చేర్చింది. “ప్రభువా, మావాడి సర్వరు నిలబెట్టు తండ్రీ. ఆ పిల్ల మనసు తిప్పు తండ్రీ.” ఆ పిల్ల ఎదురుగానే ఉంది. ఆమెన్ అని కూడా అంది.

“ఏమ్మా, ఆట ఎందుకు మానేసేవు?” అంది అమ్మ పప్పు వేస్తూ. “అన్నయ్య ఎంత కష్టపడి చేసేడు.”

“అన్నయ్య పాడు చేసేడు.”

“బాగు చేశాను” అన్నాను. “నువ్వు దగ్గరికెళ్ళినా దొరకట్లేదు, అందుకని...”

“దొరికితే అయిపోతుంది గదా!” అంది.

నేను అన్నం కలుపుకోవడంలో చాలా శ్రద్ధ చూపించాను.

“అయినా అది ఆటే కాదు పెద్దమ్మా” అంది చెల్లి మళ్ళీ. “కళ్ళు మూసేవాళ్ళే లేరు.”

“లేరా?” అంది అమ్మ నాకేసి తిరిగి, కూరలో ఉప్పు లేదన్నంత ఆశ్చర్యంగా. “కళ్ళెవరు మూస్తారురా మరి?”

“తెర నల్లబడుతుందమ్మా. కంప్యూటరే మూస్తుంది.”

“కంప్యూటరు మూయడమేంటి నీ మొహం. ఓ పెద్దమనిషి అరుగు మీద కూర్చుని వెతికేవాడి కళ్ళు మూసి లెక్కెట్టాలి. దాక్కున్నవాళ్ళు వాడికి దొరక్కుండా వచ్చి ఆ మనిషిని ముట్టుకుంటే గెలిచినట్టు. ఆఖరివాళ్ళు వచ్చి ముట్టుకునేదాకా ఆ మనిషి లేవకూడదు. చిన్నప్పుడు మీ పిన్ని దాక్కుంటే అరుగు మీద నేనే. అది ఏ కొబ్బరిచెట్టు చాటునో నిద్రపోయేది. చీకటి పడేదాకా కూర్చున్నాను ఒకసారి.”

నిజానికి ఆ పాత్ర నాకు తెలుసు, నేనూ ఆడినవాణ్ణే. రాసేటప్పుడు అనవసరమనిపించింది. దాక్కోదు, వెతకదు, పరిగెత్తదు. ఊరికే కూర్చుని ఉంటుంది. ఖర్చు తగ్గింపులో మొదట పోయేది అలాంటివాళ్ళే.

మళ్ళీ రాశాను. రెండు దిమ్మెల నియమం తీసేశాను. చిచ్చుబుడ్లు కూడా తీసేశాను, కొంచెం బాధపడుతూ. అరుగు మీద ఒక చోటు పెట్టాను. అక్కడ కూర్చున్నవాళ్ళు వెతికేవాడి కళ్ళు మూస్తారు. లెక్క కంప్యూటరు పెట్టదు, వాళ్ళే గొంతుతో పెట్టాలి. అందుకోసం మైకు తెరిచాను. అరుగు మీది మనిషిని ముట్టుకోవడానికి ఒక మీట పెట్టాను. వెతికేవాణ్ణి నేను.

అరుగు మీద కూర్చునేది నువ్వే అని పిన్నికి చెప్పాను. “మాట్లాడాలా?” అంది భయంగా.

“లెక్క పెట్టాలి. ఇరవై దాకా.”

“ఇరవై వచ్చు” అంది.

శుక్రవారం చెల్లి వచ్చి కూర్చుంది. నేను పిలవలేదు. అమ్మ వెనక మంచం మీద చిక్కుడుకాయలు ఈనెలు తీస్తున్నట్టు నటిస్తోంది. తెర మీద పిన్ని అరుగు ఎక్కింది. ఈసారి కాలవలో పడలేదు. నేను ఆమె ముందుకెళ్ళి నిలబడ్డాను. నా తెర నల్లబడింది.

“ఒకటి” అంది పిన్ని, మెల్లగా. వాళ్ళింట్లో ఎక్కడో బట్టలుతికే మిషను తిరుగుతున్న చప్పుడు వెనకే వస్తోంది. “రెండు. మూడు.”

పక్కన చెల్లి మౌస్ కదలడం లేదు. దాక్కోవడానికి వెళ్ళడం లేదు. నా తెర మీద కనిపించదు కానీ మౌస్ చప్పుడు లేకపోవడం వినిపిస్తోంది. ఇది తొండి అని చెప్పాలి. చెప్పలేదు.

“పదకొండు. పన్నెండు.”

పన్నెండు దగ్గర పిన్ని ఆగిపోయింది. మిషను తిరుగుతూనే ఉంది. నేను నల్లటి తెరని చూస్తూ కూర్చున్నాను. నేను ఇప్పటిదాకా రాసిన వాటిలో అదే అందంగా పనిచేసింది, ఎవరి మొహమూ చూడక్కర్లేకుండా.

“పన్నెండు చెప్పేసేవు” అంది చెల్లి. “పదమూడు చెప్పు.”

“పదమూడు” అంది పిన్ని.

“ఊఁ.”

“పద్నాలుగు.”

ఇరవై అయ్యేసరికి నా కళ్ళు తెరుచుకున్నాయి. చెల్లి అరుగు దగ్గరే ఉంది, తల్లి బొమ్మని ఆనుకుని. ముట్టుకునే మీట నొక్కి పట్టుకుంది, వదలట్లేదు.

“దాక్కోలేదు నువ్వు” అన్నాను.

“ముట్టుకున్నాను గదా. గెలిచేను.”

“అలా కుదరదు.”

“కుదురుతుంది. కదూ అమ్మా?”

“కుదురుతుందిరా” అంది పిన్ని. నా ఆటలో నన్ను నియమాలు అడిగినవాళ్ళు ఎవరూ లేరు.

ఆ సాయంత్రం అలా చాలాసార్లు ఓడిపోయాను. మధ్యలో జడ ఎవరేస్తున్నారో పిన్ని అడిగితే, పెద్దమ్మ వేస్తోంది, గట్టిగా లాగుతోంది అని జవాబొచ్చింది. మంచం మీద నుంచి “ఆయ్, లాగుతానమ్మా, తల కుదురుగా పెడితేగా!” అని ఇంకో జవాబొచ్చింది. తర్వాత అవతల ఎవరో పిన్నిని పిలిచారు. మిషను ఆగిపోయింది.

“పనుంది నాన్నా, టాబ్లెట్ పెట్టేస్తాను” అంది నాతో, గొంతు దించి. చెల్లికి చెప్పకుండా జారుకునే గొంతు, ఆనాటి మురమళ్ళ అబద్ధం లాంటిదే.

“ఆగు” అంది చెల్లి. “అలా లేవకూడదు. ఆటలో ఇంకో నియమం ఉంది.”

“ఏ నియమం?” అన్నాను నేను. రాసినవాణ్ణి కదా.

చెల్లి నాకు చెప్పలేదు. తెరకేసి చూస్తూ వాళ్ళమ్మకి చెప్పింది. “లేచేటప్పుడు నాకు చెప్పాలి. చెప్పకుండా లేస్తే నువ్వు ఓడిపోయినట్టు.”

“వెళ్ళొస్తానమ్మా” అంది పిన్ని.

ముట్టుకునే మీట మీద చెల్లి వేలు ఇంకా ఉంది. దాన్ని చూసుకుంది, మెల్లగా తీసింది.

“సరే. వెళ్ళిరా.”

అరుగు ఖాళీ అయింది. చెల్లి ఏడ్చింది. పెద్దవాళ్ళు భయపడ్డట్టుగానే, చాలాసేపు, గట్టిగా. అమ్మ చిక్కుడుకాయల గిన్నె పక్కన పెట్టి ఒళ్ళోకి తీసుకుంది. నేను ఆ నియమాన్ని కోడులో చేర్చుదామని కూర్చున్నాను. చేర్చడానికేమీ లేదు. ఇప్పటిదాకా శుక్రవారాలు చాలా గడిచాయి, పిన్ని ఒక్కసారి కూడా ఓడిపోలేదు.