రాని తేదీ

మా పెద్దవదినని ఇంట్లో పెద్దకోడలు అంటారు, ఆస్పత్రిలో చక్రం మేడం అంటారు. ఆవిడకి రెండో పేరే ఇష్టం. ఎందుకుండదు? ఇంట్లో ఉప్పుడబ్బా ఎక్కడుందో తెలియనప్పుడే ఆవిడని పిలుస్తారు. ఆస్పత్రిలో ఆవిడ నోరు విప్పితే ఆడవాళ్ళందరూ ఊపిరి బిగబట్టి వింటారు.

ఆస్పత్రి అంటే పెద్దదేమీ కాదు. మెట్లెక్కి వెళితే రెండు గదులు. లోపలి గదిలో డాక్టరమ్మ, బయటి గదిలో గోడవారగా ప్లాస్టిక్ కుర్చీలు, తలుపు పక్కన బల్ల, బల్ల వెనక మా వదిన. ఆవిడ సొరుగులో ఒక అట్ట చక్రం ఉంటుంది. పెద్ద బిళ్ళ మీద చిన్న బిళ్ళ. ఆఖరిసారి నెలసరి వచ్చిన తేదీ మీద ఒక బాణం పెడితే రెండో బాణం కాన్పు తేదీ చూపిస్తుంది. తిప్పడం ఎవరైనా తిప్పుతారు, ఆ మొదటి తేదీ రాబట్టడమే విద్య. వచ్చినవాళ్ళలో సగం మంది "గుర్తులేదు మేడం" అనేవాళ్ళే. "జీతం వచ్చాకా, రాకముందా? ఆ రోజు ఇంటికి ఎవరైనా వచ్చారా? వాన పడిందా?" అని వదిన గుచ్చి గుచ్చి అడిగి తేదీ లాగేస్తుంది. "మా ఆయనకి సెలవు దొరకదు మేడం, ఓ వారం వెనక్కి జరపండి" అని ఒకావిడ బతిమాలితే, "నేనేమైనా రైలు నడుపుతున్నానా?" అందట.

తన కింద పనిచేసే ఆయాకి వదిన నేర్పిన పాఠం ఒక్కటే. "నెల ఎప్పుడు తప్పింది అని మాత్రం అడక్కు. అలా అడిగితే రాని తేదీ చెబుతారు. మనకి కావాల్సింది వచ్చిన తేదీ. నెల రోజులు తేడా కొట్టేస్తుంది." ఆయా ఒకసారి మర్చిపోయి అలాగే అడిగితే అందరి ముందూ కడిగిపారేసింది. ముక్కు మీద కోపం మా వదినకి.

ఇంతమందికి తేదీలు చెప్పిన మనిషికి తొమ్మిదేళ్ళుగా తన తేదీ లేదు. పెళ్ళయిన కొత్తలో నాలుగు రోజులు ఆలస్యమైతే చాలు, తనకోసం కూడా చక్రం తిప్పుకునేదట. తర్వాత మానేసింది. ఈ సంగతి నాతో ఒక్కసారే చెప్పింది, అదీ బట్టలు మడతపెడుతూ, ఇంకెవరి గురించో చెబుతున్నట్టు. మా పెద్దన్నయ్య మంచివాడే గాని, ఇలాంటి మాట ఎత్తితే పేపరు తిప్పుతాడు.

అలాంటి ఇంట్లోకి చిన్నవదిన వచ్చింది. వస్తూనే పెరట్లో బట్టలారేసే తీగ దగ్గర పాటలు పాడింది, అమ్మకి కాళ్ళు పట్టింది, చిన్నన్నయ్యని మూడు రోజుల్లో వేళకి ఇంటికొచ్చే మనిషిని చేసింది. నెల తిరిగిందో లేదో పొద్దున్నే వాంతులు. అమ్మ ఆనందానికి పట్టపగ్గాల్లేవు. ఆ సాయంత్రం అందర్నీ హాల్లో కూర్చోబెట్టి పెద్దవదినని పిలిచింది.

"అమ్మాయ్, నీ చక్రం తెచ్చుకున్నావా? మనింటికి తొలి మనవడు ఎప్పుడొస్తాడో చెప్పు."

మనవడని ఎవరు చెప్పారో! వదిన చేతిసంచిలోంచి చక్రం తీసింది. ఎదురుగా మా అన్నయ్యలిద్దరూ ఉన్నారు. కొత్తకోడలు సిగ్గుపడుతూ అమ్మ భుజం వెనక ఉంది. పెద్దవదిన ఆమె ముఖం చూడకుండా, ఎలాగో ఒకలా ఆ పని వదిలించుకోవాలన్నట్టు అడిగింది. "నెల ఎప్పుడు తప్పింది?"

చిన్నవదిన తేదీ చెప్పింది. వదిన బాణం పెట్టింది, తిప్పింది, కాన్పు తేదీ చెప్పి చక్రం సంచిలో పడేసింది. ఆయాని తిట్టిన ప్రశ్నే తను అడిగానని అప్పుడు ఆవిడకి తట్టలేదు. కడుపు మండిపోతున్నవాళ్ళకి చెవులు పనిచేయవు కాబోలు.

మర్నాటి నుంచీ ఇల్లు ఇల్లులా లేదు. హాల్లో మెత్త వేసిన కుర్చీ ఒకటుంది, పెద్దవదిన తన మొదటి జీతంతో కొనుక్కున్నది. అది చిన్నవదిన గదిలోకి వెళ్ళింది. చప్పుడు చేయని ఫ్యాను కూడా దాని వెంటే వెళ్ళింది. పళ్ళు తెస్తే మంచివి ఏరి అటు, దెబ్బతిన్నవి ఇటు. "నువ్వు ఆస్పత్రి నుంచి వస్తూ వస్తూ తీసుకురా" అనేది అమ్మ, పెద్దవదిన ఆస్పత్రికి షికారుకి వెళుతున్నట్టు. చిన్నవదిన తుమ్మినా "జాగ్రత్త తల్లీ" అనే ఇంట్లో, పెద్దవదిన జ్వరంతో పడుకుంటే "ఏం, ఇవాళ సెలవా?" అని అడిగారు.

ఈర్ష్యకి ఇంతకన్నా ఏం కావాలి? ఆవిడ దాన్ని దాచుకోనూ లేదు. గిన్నెలు దించే చప్పుడులో తెలిసేది. "రోజులు నిండినవాళ్ళు కూడా ఇంత ఆయాసపడరు" అనేది నాతో. "నీళ్ళ గ్లాసు కూడా మంచం దగ్గరికేనా? ఇంకా నయం, నమిలి పెట్టమనలేదు." నేను ఆడపడుచుని కదా, ఇద్దరి మాటలూ నా చెవిలోనే పడేవి. చిన్నవదిన మాత్రం "అక్కకి నేనంటే ఎందుకో గిట్టదు" అని ఊరుకునేది.

డాక్టరమ్మ దగ్గర స్కాన్ మిషన్ లేదు. నాలుగు నెలలు దాటాక బయట తీయించుకు రమ్మంది. అమ్మా చిన్నవదినా వెళ్ళారు. మిషన్ ముందు కూర్చున్నాయన తెర చూస్తూ, "బిడ్డ బాగున్నాడమ్మా, ఇరవై వారాలు, అంటే ఐదు నెలలు" అన్నాడు.

అమ్మ దారంతా వేళ్ళు మడుస్తూ వచ్చింది. ఎన్నిసార్లు మడిచినా ఒకటే లెక్క. పెళ్ళయి నాలుగు నెలల మీద ఒక్క వారం. కడుపులో బిడ్డకి ఐదు నెలలు. గడప దాటీ దాటకముందే పెద్దకోడల్ని పిలిచింది.

"నువ్వు చెప్పిన తేదీ ప్రకారం నాలుగు, మిషను ఐదంటోంది. నీ లెక్కెప్పుడూ తప్పలేదు కదా?"

పెద్దవదినకి ఆ క్షణంలోనే అంతా తెలిసిపోయింది. తను రాని తేదీ అడిగింది, ఆ పిల్ల రాని తేదీ చెప్పింది. అసలు తేదీ దానికి నెల ముందు, అంటే పెళ్ళికి కూడా ముందు. అందులో తప్పేమీ లేదు. డాక్టర్ల లెక్క ఆఖరిసారి నెలసరి వచ్చిన రోజు నుంచి మొదలవుతుంది, ఆ మొదటి రెండు వారాలూ కడుపులో ఎవరూ ఉండరు. ఇది ఆస్పత్రిలో కొత్తగా పెళ్ళయినవాళ్ళ అత్తలకి ఆవిడ ఎన్నిసార్లు చెప్పిందో! ఒక్క మాట చెబితే సరిపోయేది.

"నా లెక్క నాలుగే అత్తయ్యా" అంది. అంతే అంది. అబద్ధం కాదు మరి.

ఆ వారం మా ఇల్లు చూడాలి. చిన్నన్నయ్య మళ్ళీ ఆలస్యంగా రావడం మొదలుపెట్టాడు. వచ్చినా హాల్లోనే చాప వేసుకునేవాడు. చిన్నవదిన మొదట నవ్వింది, తర్వాత ఒట్లు వేసింది, తర్వాత అసలు మాట్లాడటమే మానేసింది. అమ్మ మాత్రం గొంతు తగ్గించి, తలుపులు వేసి మరీ మాట్లాడేది. మెత్త కుర్చీ హాల్లోకి తిరిగొచ్చింది. పెద్దవదిన కాఫీ ఇస్తే అమ్మ ఒక గుటక తాగి, "నీ చేతి కాఫీయే కాఫీ" అంది. తొమ్మిదేళ్ళలో ఆ మాట అనడం అదే మొదలు.

పెద్దవదిన ఆ కుర్చీలో కూర్చుంది. ముఖం కళకళలాడిపోయింది. నాకు అసలు సంగతి తెలియదు గాని, ఆవిడ వంటింట్లో కూనిరాగం తీస్తుంటే ఎందుకో ఒళ్ళు మండింది. ఎవరి కొంపో కూలుతుంటే పాటలేమిటి? ఇప్పుడు అనిపిస్తుంది, తొమ్మిదేళ్ళు దెబ్బతిన్న పళ్ళు తిన్న మనిషికి ఆ నాలుగు రోజులూ ఎంత తియ్యగా ఉండి ఉంటాయో అని. అయినా సరే, చేసింది చిన్న పని కాదు.

శుక్రవారం అమ్మ తేల్చేసింది. ఆదివారం వియ్యాలవారిని పిలిపించి పిల్లని వాళ్ళకి అప్పగించడం. చిన్నన్నయ్య తల దించుకుని "నీ ఇష్టం" అన్నాడు.

శనివారం పొద్దున చిన్నవదిన ఎవరితోనూ చెప్పకుండా చెప్పులేసుకుని బయటికి వెళ్ళింది. తర్వాత జరిగింది ఆయా చెబితే సగం, వాళ్ళిద్దరూ చెబితే సగం తెలిసింది నాకు. ఆమె నేరుగా ఆస్పత్రికి వెళ్ళి, చీటీ తీసుకుని, ప్లాస్టిక్ కుర్చీల్లో కడుపుతో ఉన్న ఆడవాళ్ళ మధ్య కూర్చుంది. పెద్దవదిన చూసి కూడా చూడనట్టు పక్కవాళ్ళని పిలిచింది. చివరికి వంతు వచ్చేసింది.

చిన్నవదిన బల్ల ముందు నిలబడింది. అక్కా అని పిలవలేదు.

"మేడం, నాకు తేదీ చెప్పాలి."

"ఇంట్లో చెప్పాను కదా."

"ఇక్కడ చెప్పండి. అందరికీ చెప్పినట్టే చెప్పండి."

వెనక ఇంకా ముగ్గురు ఆడవాళ్ళు నిలబడి చూస్తున్నారు. పక్కనే ఆయా. పెద్దవదినకి తప్పించుకునే దారి లేదు. సొరుగు లాగి చక్రం తీసింది. ఆ బల్ల వెనక కూర్చున్నాక ఆవిడ నోటికి వచ్చే ప్రశ్న ఒక్కటే.

"ఆఖరిసారి ఎప్పుడు వచ్చింది?"

"పెళ్ళికి పది రోజుల ముందు. ఆ రోజే దర్జీ ఆవిడ జాకెట్టు కొలతలకి వచ్చింది. కడుపునొప్పితో నిలబడలేకపోతే కూర్చోబెట్టి కొలిచింది. కావాలంటే ఆమెనడగండి."

"మరి ఆ రోజు ఈ తేదీ చెప్పలేదేం?"

"మీరు అడగలేదు మేడం. నెల ఎప్పుడు తప్పిందని అడిగారు."

ఆయా నోటి మీద చెయ్యి వేసుకుంది. "అయ్యో మేడం, అలా అడిగినందుకే కదా నన్నానాడు తిట్టిపోశారు!"

కుర్చీల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. పెద్దవదిన బాణం పెట్టి తిప్పింది. స్కాన్ తీసిన రోజుకి ఇరవై వారాలూ అచ్చుగుద్దినట్టు సరిపోయాయి. ఆవిడకి అదేం కొత్త కాదు, వారం కిందటే తెలుసు. చిన్నవదిన బల్ల మీదికి వంగి, చుట్టూ ఉన్నవాళ్ళకి వినపడకుండా అంది. "నేను చెబితే ఇంట్లో నమ్మడం లేదు. మీరు చెబితే నమ్ముతారు. ఆదివారం మా అమ్మానాన్నా ఆ గుమ్మంలో నిలబడాలా వద్దా, మీ చేతిలో ఉంది."

ఆ సాయంత్రం పెద్దవదిన చెప్పులు కూడా విప్పకుండా హాల్లోకి వచ్చింది. అన్నయ్యలిద్దరూ ఉన్నారు, అమ్మ ఉంది, నేనున్నాను. చిన్నవదిన తన గది గుమ్మంలో నిలబడింది.

"లెక్క తప్పింది నాదే" అంది పెద్దవదిన. అడగాల్సిన తేదీ ఏమిటో, తను అడిగిందేమిటో, డాక్టర్లు పెళ్ళికి ముందు రోజుల్ని ఎందుకు కలుపుతారో గడగడా చెప్పేసింది. "బిడ్డ మన బిడ్డే. అణుమాత్రం అనుమానం లేదు."

చిన్నన్నయ్య రెండు చేతుల్లో ముఖం దాచుకున్నాడు. అమ్మ మళ్ళీ వేళ్ళు మడవబోయి ఆగింది.

"ఇది నీకెప్పుడు తెలిసింది?" అని అడిగింది.

ఇవాళే అంటే అయిపోయేది. చిన్నవదిన కూడా కాదనేది కాదు, ఆమెకి తెలియదు కాబట్టి. పెద్దవదిన చిన్నవదిన వైపు చూసింది.

"మీరు స్కాన్ నుంచి వచ్చిన రోజే."

"తెలిసి వారం రోజులు నోరు కట్టేసుకున్నావా? ఎందుకే?"

"కుళ్ళు అత్తయ్యా. ఇంకేముంటుంది? ఓర్వలేకపోయాను. ఆ పిల్ల మొహం మాడిపోతుంటే నాకు హాయిగా ఉంది."

పెద్దన్నయ్య చేతిలో పేపరు కింద పెట్టాడు. అమ్మ లేచింది. "అందుకేనే నీకు..." అని మొదలుపెట్టింది.

"అందుకే పుట్టలేదంటారు. అనండి, తొమ్మిదేళ్ళుగా అనాలనుకుంటున్న మాటేగా" అంది పెద్దవదిన.

అమ్మ అనలేదు. గదిలోకి వెళ్ళి తలుపు వేసుకుంది. పెద్దవదిన వంటింట్లోకి వెళ్ళి, ఏం చేయాలో తెలియక స్టవ్ తుడవడం మొదలుపెట్టింది. నేను గుమ్మంలో నిలబడ్డాను. చిన్నవదిన నన్ను దాటుకుని లోపలికి వెళ్ళింది.

"నేను నిన్ను క్షమించలేదు" అంది.

"సరే."

"నన్ను మావాళ్ళకి అప్పగించేవాళ్ళు. నా బిడ్డకి తండ్రి ఎవరని అడిగేవాళ్ళు. నీకు తెలిసి కూడా పాటలు పాడుకున్నావు."

"పాడాను."

"ఇప్పుడైనా పోయిందా ఆ కుళ్ళు?"

పెద్దవదిన తుడవడం ఆపి ఆమె కడుపు వైపు చూసింది. అప్పటికి కొంచెం తెలుస్తోంది. అబద్ధం చెబుతుందేమో అనుకున్నాను, చెప్పినా బాగుండేదనిపించింది.

"లేదు" అంది. "పోలేదు. ఇది పోయేది కాదే."

చిన్నవదిన స్టూలు లాక్కుని కూర్చుంది. నడుం నొప్పిగా ఉన్నట్టుంది, చెయ్యి వెనక్కి పెట్టుకుంది. "ఇంతకీ ఏ తేదీ?" అని అడిగింది.

"ఏమిటి?"

"కొత్త తేదీ. చక్రం తిప్పావుగా పొద్దున. ఇరవై వారాలు సరిపోయాయో లేదో చూసి ఊరుకున్నావు, నాకు తేదీ చెప్పనే లేదు."

నిజమే. వారం రోజులుగా ఆ ఇంట్లో అందరం వెనక్కే లెక్కపెట్టాం. బిడ్డ ఎప్పుడొస్తాడని ముందుకి లెక్కపెట్టినవాళ్ళు ఒక్కరూ లేరు.

పెద్దవదిన తేదీ చెప్పింది. అందరికీ చెప్పినట్టే చెప్పబోయింది గాని సగంలో మొహం స్టవ్ వైపు తిప్పేసుకుంది. చిన్నవదిన ఓదార్చలేదు, లేచి వెళ్ళిపోనూ లేదు. తేదీ సరిగ్గా వినపడలేదు, మళ్ళీ చెప్పమంది.