కొండయ్య పుస్తకానికి ముందుమాట

కొండయ్య పోయాడని ఫోనొచ్చినప్పుడు శ్రీరామచంద్ర అయ్యో అనుకోలేదు. బీరువాలో పంచెల కింద దాచిన కాగితాల కట్ట గుర్తొచ్చింది.

ఆ కట్ట కొండయ్య రాసిన పుస్తకం. ముందుమాట రాసిపెట్టమని ఏలూరు వచ్చి చేతికిచ్చి పదకొండు నెలలైంది. శ్రీరామచంద్ర ఒక్క అక్షరం రాయలేదు. తీరిక లేక కాదు. ఇష్టం లేక.

కొండయ్యది కలిదిండి అవతల కొల్లేటి లంక. చేపలు పట్టే కుటుంబం. పదో తరగతి పాసై పోస్ట్‌మ్యాన్ అయ్యాడు. చెరువుగట్ల మీద సైకిలు తొక్కేవాడు, నీళ్ళు అడ్డొస్తే దోనె వేసుకునేవాడు. ఉత్తరం ఇచ్చిన ప్రతి గుమ్మంలోనూ, "మీ ఇంట్లో మంత్రం వేసేవాళ్ళు ఎవరైనా ఉన్నారాండీ?" అని అడిగేవాడు. తేలుకు వేసేది, గొంతులో చేపముల్లు దిగడానికి వేసేది, పసిబిడ్డ దిష్టికి వేసేది, ఏది దొరికినా రాసుకునేవాడు. ఎవరు వేశారు, ఎవరికి వేశారు, ఎన్ని ఊపిర్లు పట్టింది, తగ్గిందా లేదా. సగానికి పైగా చోట్ల 'తగ్గలేదు' అనే రాశాడు. పాము కరిచిందంటే మాత్రం నోటుపుస్తకం తీసేవాడు కాదు. మనిషిని ఆటో ఎక్కించి ఆస్పత్రికి పట్టుకుపోయేవాడు.

శ్రీరామచంద్ర సంస్కృతం మాస్టారు. తండ్రి దగ్గర మంత్రశాస్త్రం చదువుకున్నాడు. మంత్రశక్తి మీద పెద్ద గ్రంథం రాయాలని పాతికేళ్ళ వయసు నుంచీ అనుకుంటూనే ఉన్నాడు. బీజాక్షరాలంటే ఏమిటో చెప్పమని కొండయ్య వచ్చినప్పుడు ముచ్చటపడి, రెండేళ్ళపాటు ప్రతి ఆదివారం పాఠం చెప్పాడు.

ఒక ఆదివారం కొండయ్య అన్నాడు. "మాస్టారండీ, నాకొకటి తోస్తందండీ. శక్తి మాటల్లో లేదేమోనండీ. వేసేవాడు ఊపిరి నిదానం చేసుకుంటే, వేయించుకునేవాడి ఊపిరి కూడా దాని వెంటే నిదానిస్తంది. తగ్గిన ప్రతిచోటా అదే చూశానండీ."

"శాస్త్రంలో ఎక్కడుంది ఆ మాట?"

"ఎక్కడా లేదండీ. చూసిందే చెప్తన్నాను."

ఆ మాట శ్రీరామచంద్ర గుండెలో ముల్లులా దిగింది. ఇన్నేళ్ళ చదువులో తనకెందుకు తట్టలేదు? తర్వాతి ఆదివారం ఒంట్లో బాలేదని భార్య సుబ్బలక్ష్మి చేత చెప్పించాడు. ఆ పై ఆదివారమూ అంతే.

ఏళ్ళు గడిచాయి. ఒకనాడు యూనివర్సిటీ నుంచి ఎవరో ఫోన్ చేశారు. తన వ్యాసాల గురించేననుకుని శ్రీరామచంద్ర కుర్చీలో సర్దుకుని కూర్చున్నాడు. "కొల్లేటి మంత్రాల మీద పనిచేసిన కొండయ్యగారి నంబరు మీ దగ్గర ఉంటుందన్నారండీ" అన్నారు అవతలివాళ్ళు. నంబరు చెప్పాడు. ఆ పూట అన్నం సయించలేదు.

ఇప్పుడు కొండయ్య పోయిన పన్నెండో రోజు దాటాక, అతని కూతురు బేబీరాణి ఏలూరు వచ్చింది. కాగితాల కోసమేననుకుని, శ్రీరామచంద్ర గబగబా కట్ట తీసి బల్లమీద పెట్టాడు.

"కాస్త ఆలస్యమైందమ్మా. ఈ వారంలో రాసిచ్చేస్తాను."

"పర్లేదండీ, పుస్తకం అచ్చయిపోయిందండీ." సంచీలోంచి ఒక కాపీ తీసింది. "నాన్న దగ్గర ఇంకో ప్రతి ఉందండీ. నాలుగు నెలలు చూసి, మాస్టారికి మనసొప్పటం లేదు, ఇబ్బంది పెట్టొద్దన్నారండీ. ముందుమాట లేకుండానే అచ్చుకిచ్చేశారు. చేతిలోకి వచ్చిన వారానికే పోయారు."

కొండయ్యకు అంతా తెలుసు! తెలిసి కూడా ఒక్క మాట అడగలేదు. తను తొక్కిపెట్టాననుకున్న కాగితాలు దేన్నీ ఆపలేదు. సిగ్గుకంటే ముందు కోపం వచ్చింది శ్రీరామచంద్రకి.

ఆ కోపంతోనే పుస్తకం చదవడం మొదలుపెట్టాడు. ఎనభైనాలుగో పేజీలో దొరికింది తప్పు. నీటి బీజం 'యం' అనీ, గాలి బీజం 'వం' అనీ ఉంది. రెండూ తారుమారు! వెంటనే కాగితం తీసి పత్రికకు విమర్శ రాయబోయాడు. 'మూలం తెలియని సేకర్త' అని రెండు పేజీలు నడిచింది కలం. మూడో పేజీలో ఆగిపోయింది.

ఆ రెండూ తిరగేసి చెప్పింది తనే. తాడేపల్లిగూడెంలో పెళ్ళికి బయల్దేరుతూ, గుమ్మంలో చెప్పులేసుకుంటూ, పరధ్యానంగా చెప్పిన మాట. కొండయ్య సరిచూసుకోలేదు. మాస్టారు చెప్పాక సరిచూసుకోవాలని తట్టి ఉండదు.

"ఏవండీ, అన్నం చల్లారిపోతోంది" అంది సుబ్బలక్ష్మి.

"ఉండు" అని, రాసిన పేజీలు చింపి, బేబీరాణికి ఫోన్ చేశాడు. తప్పేమిటో చెప్పాడు. "మీ నాన్నది కాదమ్మా, నాది. మళ్ళీ అచ్చేసినప్పుడు ఆ మాట కూడా వెయ్యి."

రెండో ముద్రణలో చివరి పేజీ అడుగున, చిన్న అక్షరాల్లో సవరణ పడింది, తప్పు చెప్పింది శ్రీరామచంద్ర అని. మంత్రశక్తి మీద అచ్చయిన పుస్తకాల్లో ఆయన పేరు ఉన్నది అక్కడొక్కచోటే.

నెల తిరక్కుండా, ఆ పేజీ చూసిన ఒక డిగ్రీ విద్యార్థిని నల్లజర్ల నుంచి ఉత్తరం రాసింది. కవరు మీద తన పేరు చూసి ఆయన గుండె పొంగింది. లోపలంతా కొండయ్యే. ఆయన ఎలా మాట్లాడేవారు, ఎలా రాసుకునేవారు, చెప్పగలరా అని అడిగింది. శ్రీరామచంద్రకి కడుపు మండింది. అయినా జవాబు రాయడానికి కూర్చున్నాడు. ఎనిమిది పేజీలైంది.