పెళ్ళి గొంగడి, నా ఆకలి

నాకప్పుడు ఇరవయ్యేళ్ళు. హైదరాబాదులో చదువు వెలగబెడుతున్న రోజులు. వేసవి సెలవులకు ఊరికి వస్తే, పట్వారీగిరీ చేసే మా నాయిన భూముల లెక్కలుండే పహాణీలు ముందు పడేసి నకళ్ళు రాయమనేవాడు. దాన్ని తప్పించుకోవడానికి నేనొక ఘనమైన పని కనిపెట్టాను. పాలమూరు పల్లెల్లో చేతిపనులు చూసి, ఏ వస్తువు ఎట్లా తయారవుతుందో రాసుకొస్తానని బయల్దేరాను. చదువంతా ఉర్దూలో సాగింది కాబట్టి ఆ రాతలు కూడా ఉర్దూలోనే. తెలుగువాళ్ళ పనుల గురించి తెలుగువాడు ఉర్దూలో రాసుకోవడంలో వింతేమీ నాకు కనిపించలేదు. నిజాం రాజ్యంలో అదే లోకరీతి.

పనివాళ్ళు నన్ను ఎంత ఓపికగా భరించారో ఇప్పుడు తలచుకుంటే నవ్వొస్తుంది. నారాయణపేటలో ఒక చీరల నేతగాడు నా ప్రశ్నలు పడలేక నోట్లో దారం పెట్టుకుని మూగవాడిలా సైగలు చేశాడు. ఒక కుమ్మరి అయితే మొహం మీదే అనేశాడు. "పంతులూ, నువ్వు నోరు మూస్తెనే గీ సారె తిరుగుతది."

నా గురించి మరో సంగతి చెప్పాలి. మా ఇంట్లో మగవాళ్ళు మీసం పెంచరు. నేను పెంచాను. ఇంట్లో పెద్ద రభసే అయింది. కాలం మారింది, పాత ఆచారాలు నాకు పట్టవని వాదించి గెలిచాను. కానీ బయటి కులాల ఇళ్ళలో పచ్చి మంచినీళ్ళు కూడా ముట్టేవాణ్ణి కాదు. మీసానికో న్యాయం, కడుపుకో న్యాయం. అది తప్పని నాకు ఎవరూ చెప్పలేదు, చెప్పినా వినేవాణ్ణి కాదు.

నారాయణపేట నుంచి కోస్గిలో ఉన్న మా అక్క ఇంటికి బండి మీద పోతుంటే, దారిలో ఒక కురుమల ఇంటి ముందు నల్లటి ఉన్ని రాశులు కనిపించాయి. గొంగళ్ళు నేసే ఇల్లు. బండి ఆపించాను. బండాయన పక్క ఊళ్ళో జొన్న బస్తాలు దించి, పొద్దు వాలేసరికి తిరిగొచ్చి నన్ను ఎక్కించుకుంటానన్నాడు. సరే పొమ్మన్నాను. బండి కనుచూపు దాటాక గుర్తొచ్చింది, నా సద్దిమూట కూడా బండిలోనే పోయిందని.

ఆ ఇంట్లో నేతగాడు, అతని భార్య, చూపు మందగించిన అతని ముసలి తల్లి ఉన్నారు. వాళ్ళ బిడ్డకు వారం రోజుల్లో పెళ్ళి. పెళ్ళినాడు పిల్లా పిలగాడూ కొత్త గొంగడి మీద కూర్చోవాలి, అది వాళ్ళ పద్ధతి. ఆ గొంగడికి కావలసిన ఉన్ని అంతా ముసలవ్వ ఏడాది పొడుగునా తన చేత్తో వడికింది. ఇవాళ ఆ పోగులను పడుగుగా, అంటే నిలువు పోగులుగా, చేన్లో బారుగా పరచి, గుంజలకు కట్టి, గంజి పట్టించి ఎండబెట్టాలి. రేపు మగ్గానికి ఎక్కించాలి. ఇవాళ తప్పితే పెళ్ళికి గొంగడి అందదు.

"పంతులూ, జొన్నరొట్టె ఉన్నది, ఎల్లిపాయ కారం ఉన్నది. తింటవా?" అని అవ్వ అడిగింది.

"వద్దవ్వా. మేం తినం."

"మరి నీళ్ళన్న తాగుతవా?"

"నీళ్ళు గూడ వద్దు."

అవ్వ నొచ్చుకోలేదు. మాకిది అలవాటే అన్నట్టు రొట్టెల బుట్ట మీద మూత పెట్టి, కోడలి భుజం పట్టుకుని చేన్లోకి పోయింది. పడుగు సాగదీయడానికి ఇంటిల్లిపాదీ కావాలి. ఎండకు జడిసి నేను మాత్రం చూరు నీడలో ఉండిపోయాను.

మధ్యాహ్నమయ్యేసరికి కడుపులో ఎలుకలు పరుగెత్తాయి. రొట్టెల బుట్ట ఎదురుగానే ఉంది. కానీ రొట్టెలు లెక్కుంటాయి, ఒకటి తగ్గినా తెలిసిపోతుంది. పొయ్యి పక్కన ఒక కుండ కనిపించింది. మూత తీశాను. చిక్కగా, గోరువెచ్చగా, లేత గోధుమరంగులో అంబలి. అటూ ఇటూ చూశాను. పిట్ట కూడా లేదు. కొబ్బరిచిప్ప గరిటెతో ముంచి ఎత్తి తాగాను. ఆకలి రుచెరగదంటారు గానీ, నా ఆకలికి కూడా ఆ రుచి తెలిసింది. జిగటగా ఉంది. ఉప్పు లేదు. అయినా మూడు చిప్పలు లాగించి, నోటుబుక్కు తీసి రాసుకున్నాను. "వీళ్ళకు అంబలిలోకి ఉప్పు కూడా దొరకదు. ఘోరమైన పేదరికం." రాసి, వాళ్ళ మీద జాలితో నిట్టూర్చాను కూడా.

తర్వాత కుండలోకి చూస్తే బెత్తెడు తగ్గింది. నాకు తెలివి ఎక్కువ కదా, పక్కనున్న బానలోంచి రెండు చెంబులు నీళ్ళు ముంచి పోసి, కట్టెతో బాగా కలియబెట్టి, మూత పెట్టేశాను. పొద్దున వద్దన్న నీళ్ళే అవి.

కాసేపటికి వాళ్ళు కుంచెలు పట్టుకుని వచ్చారు. కోడలు కుండలో కుంచె ముంచి ఎత్తింది. కుంచెలోంచి నీళ్ళు ధారగా కారాయి.

"అయ్యో, గిదేం గంజి అత్తా! వాగుల నీళ్ళ తీరున్నది. గిట్లయితే పోగు నిలవడ్తదా? కండ్లు పోయినయ్, ఇగ చెయ్యి గూడ పోయిందా?"

అది అంబలి కాదు. పడుగుకు పట్టించే గంజి!

అవ్వ వచ్చి కుండలో వేలు ముంచింది. బొటనవేలితో రుద్ది చూసింది. "నేను కాసింది గిది కాదు" అంది.

"నువ్వు గాక ఎవరు కాసిన్రు? చింతగింజలు నువ్వే యేపితివి, నువ్వే దంచితివి. నేను చేస్తనంటే ఇననే ఇనవు. నా మనుమరాలి గొంగడికి నేనే కాస్తనంటివి. ఇప్పుడు ఏం జేద్దాం జెప్పు!"

చింతగింజలా? మూడు చిప్పలు! అటు నేతగాడు నా మొహంలోకి ఒక్క క్షణం చూసి, గిరుక్కున తిరిగి, చేతిలోని తెగని పోగునేదో ముడివేయడంలో మునిగిపోయాడు. నేను దొంగకు తేలు కుట్టినట్టు నిలబడ్డాను. నోరు విప్పుదామంటే పై పెదవి ఎందుకో పట్టేసినట్టుంది.

కోడలు ఆగలేదు. ఇరవై ఏళ్ళ కోపాలన్నీ ఆ కుండ మీదికి తెచ్చింది. అవ్వ ఎదురు మాట్లాడితే నేను ఊరుకునేవాణ్ణేమో. అత్తాకోడళ్ళ పోట్లాట మనకెందుకని జారుకునేవాణ్ణి. కానీ అవ్వ మెల్లగా నేల మీద కూలబడి, తడి వేళ్ళను కొంగుకు తుడుచుకుంటూ, "ఏమో బిడ్డా, నీళ్ళు నేనే ఎక్కువ పోసిన్నేమో. యాదికి లేదు. ఇగ నాకు ఏ పని జెప్పకుండ్రి" అంది.

ఆ మాట నేను భరించలేకపోయాను. తప్పు చేయని మనిషి తన చేతిని తానే నమ్మడం మానేసింది, నా మూలంగా.

"అవ్వా, గంజి నేనే తాగిన. నీళ్ళు గూడ నేనే పోసిన" అన్నాను.

కోడలు బుగ్గలు నొక్కుకుంది.

"తాగినవా? గొంగడి గంజి తాగినవా పంతులూ? పొద్దుగాల రొట్టె పెడితే వద్దంటివి గద! అడిగి తింటే పోయే కులం దొంగతనంగ తింటే పోదా?"

అవ్వ మాత్రం చటుక్కున లేచింది. ఆమెకు నా మీద కోపమే రాలేదు. "నేను జెప్పలే? నేను కాస్తే గిట్ల ఉండదని జెప్పలే?" అని కోడలి చెయ్యి పట్టి ఊపేసింది. గెలిచిన ఆనందంలో ఆమెకు నేను దొంగలా కాదు, సాక్షిలా కనిపించాను.

సంబరం తీరాక తీర్పు చెప్పింది. "ఇంట్ల గింజలు ఒడిసినయ్. గంప పట్టుకో పంతులూ. ఊర్లె అడుక్కరా. పొద్దు ఇంకా మస్తున్నది."

అట్లా పట్వారీ కొడుకు గంప పట్టుకుని చింతగింజల కోసం ఇంటింటికీ తిరిగాడు. గింజలు ఇవ్వడానికి ఎవరూ పేచీ పెట్టలేదు. చింతపండు కొట్టిన కాలం, ప్రతి ఇంట్లో రాశులున్నాయి. కానీ ప్రతి ఇంటావిడా ఎందుకని అడిగేది. మొదటి ఇంట్లో నేను చెప్పాను. రెండో ఇంట్లో నసిగాను. మూడో ఇంటికి వెళ్ళేసరికి నాకన్నా ముందే కబురు చేరింది. ఆ ఇంటి ముసలమ్మ నన్ను చూసి కూర్చున్నచోటే పొర్లి పొర్లి నవ్వింది. "అవునే, నిజమేనే! మీసం జూడుండ్రి, ముండ్లపంది లెక్క నిలవడ్డది!"

చెయ్యి పెట్టి చూసుకున్నాను. ఎండిన గంజితో నా మీసం కర్రలా బిగుసుకుంది. నోరు ఎందుకు పట్టేసిందో అప్పుడు తెలిసింది.

గింజలు వేయించింది అవ్వ. పొట్టు పోయేదాకా, పిండయ్యేదాకా దంచింది నేను. అరచేతులు బొబ్బలెక్కాయి. జర ఆగుతానంటే కోడలు ఆగనివ్వలేదు, "తాగేటప్పుడు ఆగినవా?" అంది. పిండి ఉడుకుతుంటే అవ్వ పొయ్యి దగ్గరే కూర్చుని మూడుసార్లు వేలితో రుద్ది చూసింది. మేమంతా ఆమె నోటివైపే చూశాం. "ఇగ పెట్టుండ్రి" అంది. కోడలు కుంచె ముంచి ఎత్తింది. ఒక్క చుక్క కూడా జారలేదు. ఆమె అత్తకేసి చూసి, ఒక చెంబెడు చల్ల తెచ్చి ముసలామె చేతికిచ్చింది.

వడగాలికి పడుగు త్వరగానే ఆరింది. నేనొక చివర పట్టుకుని నిలబడ్డాను. పని ముగిశాక అవ్వ దగ్గరికి పోయి, "అవ్వా, ఆకలైతాంది. రొట్టె పెట్టు" అన్నాను. రెండు రొట్టెలు పెట్టింది. తిన్నాను. వాళ్ళ బానలో నీళ్ళే తాగాను. కళ్ళల్లో నీళ్ళు తిరిగింది ఎల్లిపాయ కారానికేనని వాళ్ళనుకుంటే అనుకోనీ అనుకున్నాను.

దూరంగా నా బండి వస్తోంది. నేతగాడు నన్ను దారిదాకా సాగనంపాడు. నాకు లోపల ఒకటే తొలుస్తోంది. పోగు ముడివేస్తూ తల తిప్పుకున్నప్పుడే ఇతనికి అంతా తెలిసి ఉండాలి.

"అన్నా, నా మొహం జూడంగనే నీకు ఎరుకైంది గద?"

"అయింది."

"మరి అడగకపోతివి? మీ అమ్మను అన్ని మాటలంటుంటే ఇనుకుంట నిలవడ్తివి?"

అతను నావైపు చూడకుండానే అన్నాడు.

"మా అమ్మ నా మనిషి. రేపు కాళ్ళు వత్తి నచ్చజెప్పుకుంట, ఇంటది. నువ్వు మా వాకిట్లకు వచ్చినోనివి. పదిమందిల నీ ఇజ్జత్ దీస్తె, మల్ల నేనేడికెల్లి తెచ్చియ్యాలె?"