చాటలో పడని బీడీలు

మా బోధన్ వాడకట్టులో బీడీలు చుట్టే ఆడవాళ్లం మధ్యాహ్నం ఒకే అరుగు మీద కూర్చుంటాం. గ్రంథాలయం నుంచి తెచ్చి చదివిన నవలల్ని నేను కథగా చెబుతాను. చెబుతుంటే నా చేయి నెమ్మదిస్తుంది కాబట్టి తలా పిడికెడు బీడీలు నా చాటలో వేస్తారు. అది మా అరుగు ఆచారం. పదో తరగతి దాటని నాకు ఆ బీడీలే డిగ్రీ పట్టా.

ఫోను వచ్చాక బద్ధకం మొదలైంది. మొన్న చలికాలంలో, గ్రంథాలయం దాకా నడవడం ఎందుకులే అని ఒక నవల పేరు కొట్టి వెతికాను. కథంతా నాలుగు ముక్కల్లో కుదించి అరచేతిలోకి వచ్చింది. కూర ఉడికేలోపు చదివేశాను. మధ్యాహ్నం చెప్పడం మొదలుపెడితే చాయ్ పొంగకముందే అయిపోయింది.

"గంతేనా?" అంది పక్కింటి అవ్వ. "పెండ్లయి పోతుంటే పిల్ల ఏడ్సిందా లేదా?"

తెలీదు.

"తండ్రి బస్సు దాకా వచ్చిండా?"

అదీ తెలీదు. పుస్తకంలో చదివి ఉంటే ఆ మాట ఎడమ పేజీలో ఉందో కుడి పేజీలో ఉందో కూడా చెప్పేదాన్ని. గుట్టుగా ఫోను మీద వేలు పెట్టాను. బీడీల తునికాకు రాసుకుని, ముద్ర అరిగి నున్నబడిన వేలు. ఫోను తెరుచుకోలేదు.

"వదినా, నీ ఫోనుకు గూడ నువ్వు యాదికి లేవు," అంది మా మరదలు. అందరూ నవ్వారు.

అవ్వ నా చాటలో వేసిన పిడికెడు మళ్లీ తీసేసుకుంది. "ఏడ్సిందో లేదో తెల్వని కతకు బీడీలెందుకు బిడ్డా."

మర్నాడే చెరుకు ట్రాక్టర్లకు దారిస్తూ గ్రంథాలయానికి నడిచి, అదే నవల తెచ్చాను. వారమంతా చెప్పాను. తండ్రి బస్సు దాకా వచ్చాడు, సంచిలో వేయించిన పల్లికాయలతో. పిల్ల ఏడవలేదు. దారంతా ఒక్కొక్క కాయే ఒలుచుకుంటూ కూర్చుంది.

మధ్యలో ఒకరోజు మరదలు ఫోనులో ముగింపు చూసుకుని వచ్చింది. "ఏమైతదో నాకెరుకే."

"ఎరుకైతే లేశి పో," అంది అవ్వ. "లేకుంటే నోరు మూసుకొని కూసో."

కూర్చుంది. ఆఖరి రోజు, తండ్రి పోయిన కబురు పిల్లకు అందిన చోట, దారం చుట్టడం ఆపి కొంగుతో ముక్కు తుడుచుకుంది.

"ఎరుకే అన్నవు గదనే?" అంది అవ్వ.

"సచ్చిపోయిండని రాసిండ్రు గని, ఫోన్ల పల్లికాయల ముచ్చట లేదవ్వా."

అంటూ తన పిడికెడు నా చాటలో వేసింది. అవ్వ మాత్రం, మొన్న తీసుకున్నది కూడా కలిపి వేసింది.