మా వకీళ్ళ మర్యాద

ఎమ్మిగనూరులో మా వీధికి కొత్త రోడ్డు వేస్తున్నారు. ఈ ఉదయం లారీ కంకర దింపింది. రాళ్ళు జారిన చప్పుడూ, ముక్కులోకెక్కిన పొడి దుమ్మూ నన్ను ఆదోనిలో పత్తి మండీ మీదున్న చిన్న గదికి లాక్కెళ్ళాయి. ఆ గది మా సీనియర్ వకీలు సుగుణమ్మ మేడంది. కింది నుంచి దూది ఎగిరొచ్చి ఆమె నల్లకోటుకు అంటుకునేది. అది దులుపుకుంటూనే నాకు వృత్తి నేర్పారు. అందులో మొదటి పాఠం మర్యాద. ఎదుటి వకీలు గడువు అడిగితే అడ్డు చెప్పకూడదు. "రేపు మనకూ అవసరం పడ్తాదప్పా. లేసి నో అబ్జెక్షన్ అని కూసో," అనేవారు. నాకది ఎంత పెద్దమనిషి తరహాగా తోచిందో!

అప్పుడే ఆస్పరి వైపు నుంచి ఈరమ్మ, ఆమె ఊరివాళ్ళు వచ్చారు. ఊరి గుట్టే ఈరమ్మ మేకలకు మేత. జరగని గ్రామసభను జరిగినట్టు చూపించి ఒక కాంట్రాక్టరు ఆ గుట్ట మీద క్వారీకి అనుమతి తెచ్చుకున్నాడు. అది కొట్టేయించి గుట్టను కాపాడమని వాళ్ళు అడిగారు. మేడం ప్రాణం పెట్టి వాదించారు. కానీ కాంట్రాక్టరు వకీలు గడువు అడిగినప్పుడల్లా నేను లేచి మా మర్యాద మాట అనేవాణ్ణి. పని ఆపమనే ఉత్తర్వు ఇంకా రాలేదు కాబట్టి అక్కడ రాయి పేలుతూనే ఉంది.

చివరికి అనుమతి చెల్లదని తీర్పొచ్చింది. నేను ఉబ్బితబ్బిబ్బై స్వీటు డబ్బా కొని మేడం వెంట ఆ ఊరికి వెళ్ళాను. ఈరమ్మ మమ్మల్ని నీళ్ళు నిలిచిన ఒక పెద్ద గుంత అంచుకు తీసుకుపోయింది.

"గెలిసినామంటారు గదమ్మా. మరి గుట్ట యాడుంది?" అంది. కోపం లేదు, నిజంగానే అడిగింది.

మేడం చేతులు జోడించారు. "వకీళ్ళ మర్యాదకు పోయి నీ గుట్ట పోగొట్టినానక్కా. తప్పు నాది."

నేను డబ్బాను వీపు వెనక దాచుకున్నాను. కోర్టులో నో అబ్జెక్షన్ అన్నది నేను, తలవంచింది ఆవిడ. సిగ్గుతో చచ్చిపోయాను.

తర్వాత క్వారీ కేసుల్లో మేడం ఒక్క గడువుకూ ఒప్పుకోలేదు. తోటి వకీళ్ళు మొహం చాటేశారు. "ముసలామెకు మర్యాద తెల్దు" అని నవ్వినవాళ్ళతో కలిసి నేనూ టీ తాగాను. ఇప్పుడు ఆమె లేరు. ఆమె నేర్పినవాటిలో, ఆమె వెనక్కి తీసుకున్న పాఠమే నాకు గట్టిగా అబ్బింది.

మొన్న కృష్ణగిరి వైపు క్వారీ కేసు విచారణకొచ్చింది. ఎదుటి వకీలు నాతో చదువుకున్నవాడు. గడువు అడిగి నావైపు చూశాడు. లేచి, "నో అబ్జెక్షన్," అన్నాను. వెనక బెంచీ మీద నాకు కేసు అప్పగించిన ఆ ఊరివాళ్ళు కూర్చుని ఉన్నారు. నేను ఇంగ్లీషులో ఏమన్నానో వాళ్ళకు తెలియదు. బయటికి రాగానే వాళ్ళలో పెద్దాయన నా చెయ్యి పట్టుకున్నాడు.

"మా కోసరం లేసి మాట్లాడినావప్పా. సల్లగుండు," అన్నాడు.