చున్నీకి అంటిన రాణి వాసన

ఆ రోజుల్లో నాకు తెలియనిది లేదనుకునేదాన్ని. చదువు ముగించి, తేనెటీగల పెంపకం నేర్పే ఒక చిన్న సంస్థలో కొత్తగా చేరాను. (మెడలోని గుర్తింపు కార్డును ఇంట్లో కూడా తీసేదాన్ని కాదు.) ఎల్లారెడ్డి దగ్గర ఒక అవ్వ తేనెపెట్టెలో రాణి ఈగ చచ్చిపోయిందని కబురొస్తే, అగ్గిపెట్టెంత తీగజాలీ డబ్బాలో కొత్త రాణిని పెట్టి నా చేతికిచ్చారు. కామారెడ్డిలో బస్సెక్కి, డబ్బాను చున్నీ చెంగులో చుట్టి, పసిపిల్లలా ఒడిలో పెట్టుకుని తీసుకెళ్లాను.

పొద్దుతిరుగుడు చేను దగ్గర అవ్వా, ఆమె కోడలూ ఎదురుచూస్తున్నారు. రాణి లేని పెట్టె ఒకటే రొద పెడుతోంది. నేను ఊరుకుంటానా? "రాణి ఒంట్లోంచి ఒక వాసన వస్తుంది. దానికే కూలి ఈగలన్నీ చుట్టూ చేరతాయి. రాణిని నాకి, ఆ వాసనను ఒకదానికొకటి అందించుకుంటాయి. అప్పుడు గానీ పెట్టె నెమ్మదించదు" అని ఉపన్యాసం దంచాను. అవ్వ బుద్ధిగా విని, "అంటే అత్తరు పూసుకున్న దొరసానన్నట్టు" అంది.

డబ్బాను పెట్టెలో అమర్చి, మోటారు కొట్టం నీడలో అన్నానికి కూర్చున్నాను. ఒక ఈగ వచ్చి చున్నీ మీద వాలింది. ఇంకొకటి. చూస్తుండగానే చెంగంతా ఈగలతో నల్లబడింది. చదివిన చదువంతా ఎటు పోయిందో, "అమ్మో, చంపేస్తున్నాయి!" అని అరుస్తూ చేలో పడి పరుగెత్తాను.

"ఉరుకకు బిడ్డా, ఆగు! ఒక్కటన్న కుట్టిందా?" అంటూ అవ్వ వెంటపడింది. ఆగి చూసుకున్నాను. ఒక్కటీ కుట్టలేదు.

కోడలు నవ్వాపుకోలేక, "రాణి వాసనకొస్తయని మీరే చెప్తిరి గద మేడం! చున్నీల ఏం మోసుకొచ్చిండ్రు?" అంది. (ఆ పరుగును ఫోనులో తీయనందుకు ఆమెకు ఈ జన్మంతా రుణపడి ఉంటాను.)

"కదలకు. నాకూ భయమే ఉన్నది" అంటూ అవ్వ నా భుజం మీది చున్నీని మెల్లగా తీసి పెట్టె ముందు పరిచింది. సాయంత్రానికి ఈగలు ఒక్కొక్కటే లోపలికి నడిచిపోయాయి. నేను కోడలి కొత్త గులాబీ రంగు చున్నీ వేసుకుని బస్సెక్కాను. తిరిగిస్తానంటే అవ్వ ఒప్పుకోలేదు, "మా దొరసానిని తెచ్చినవు, ఉంచుకో" అంది.

ఇప్పుడు నేనే కొత్తవాళ్లకు పాఠాలు చెబుతున్నాను. రాణి వాసన దగ్గరికి రాగానే, చేలో అరుస్తూ పరుగెత్తిన ఆ పిల్ల గుర్తొచ్చి నవ్వొస్తుంది. ధైర్యం లేకపోయినా అదృష్టవంతురాలు, మంచివాళ్ల చేలో పడింది.